మగ్గుడు నీళ్లు, ఒక మిల్లీమీటరు వాన

ఒడిశాలోని పర్లాకిమిడిలో మా పెరడు చిన్నదే. ఎర్రమట్టి. ఒక మల్లెపాదు, నందివర్ధనం, నూరువరహాలు, నాలుగు కనకాంబరాలు. ఒక ఏప్రిల్ సాయంత్రం మగ్గుతో అన్నిటి మీదా నీళ్లు చల్లుతుంటే పక్కింటి మామ్మ గోడ మీంచి చూసి అడిగింది: "ఏటి బాబూ, మొక్కకి నీళ్లు పోస్తన్నావా, మొహం కడుగుతన్నావా?"

లెక్క వేసి చూస్తే మామ్మ అన్నదే రైటు. చదరపు మీటరు నేల మీద లీటరు నీళ్లు సమంగా పోస్తే అది 1 మిల్లీమీటరు వానతో సమానం. మగ్గుకి పట్టేది దాదాపు లీటరే. మా వైపు నడివేసవిలో, మూత లేని తొట్టిలోంచే రోజుకి 6, 7 మిల్లీమీటర్ల నీరు ఆవిరైపోతుంది. ఇక నా మగ్గుడు నీళ్లు వేరు దాకా ఎక్కడ దిగుతాయి? బాగా ఎండిన మట్టిలో జానెడు లోతు తడవాలంటే చదరపు మీటరుకి సుమారు 30 లీటర్లు, అంటే రెండు బాల్చీలు కావాలి. పాదు అందులో సగమే ఉంటే ఒక్క బాల్చీ చాలు. అలా పోశాక నాలుగైదు రోజులు దాని జోలికి వెళ్లక్కర్లేదు.

రోజూ పైపైన తడిపితే ఇంకో నష్టం ఉంది. తడి ఉన్న చోటే వేరు పెరుగుతుంది. పైన రెండంగుళాలే తడిస్తే వేళ్లన్నీ అక్కడే అల్లుకుంటాయి. మే నెలలో మనం రెండు రోజులు ఊరెళితే ముందు ఎండేది ఆ రెండంగుళాలే.

"మన నేల మొక్కలకి నీళ్లతో పనేముంది" అనేవాళ్లూ ఉన్నారు. ముందు ఏది మనదో చూసుకోవాలి. గుడి దగ్గర కనిపించే బిళ్లగన్నేరు మడగాస్కర్ నుంచి వచ్చింది, కాగితంపూలు దక్షిణ అమెరికావి. కనకాంబరం, నూరువరహాలు మాత్రం దక్షిణ భారతం, శ్రీలంకల సొంత మొక్కలు. నాలుగు నెలల వాన, ఆ తర్వాత పొడి రోజులు వీటికి అలవాటే. కానీ ఆ ఓర్పు వేరు లోతుకి దిగాకే వస్తుంది. నర్సరీ సంచిలోంచి తీసి నాటిన మొక్కకి మొదట ఉండేది సంచెడు వేరు మాత్రమే. భూమిలో ఉన్నా అది ఇంకా కుండీ మొక్క కిందే లెక్క. మొదటి ఏడాది వేసవి దాటించడం మన పని. అందుకే నేను జూన్ మధ్యలో నాటుతాను. ఇక్కడ ఒడియా వాళ్లు రజ పండగ మూడు రోజులూ నేల తవ్వరు. పండగ వెళ్లాక గునపం తీస్తే, సరిగ్గా వానలు పట్టే వేళ.

మల్లె సంగతి వేరు. దానికి నీళ్లు పోయడం కన్నా ఆపడం తెలియాలి. రెండేళ్లు జాలిపడి చలికాలమంతా పోశాను. ఆకు నవనవలాడింది, పువ్వు మాత్రం పలచగా పూసింది. మల్లె మొగ్గ తొడిగేది కొత్త చిగురు మీద. నీళ్లు ఆపితే పాత కొమ్మల ఎదుగుదల నిలిచిపోతుంది. అప్పుడు కొమ్మ కొసలు కత్తిరించి, ఆకు దూసి, గొప్పు తవ్వి, ఎరువు వేసి నీళ్లు పెడితే నిద్రపోతున్న పక్కమొగ్గలు ఒక్కసారిగా లేస్తాయి. కొమ్మ కొస నుంచి దిగే ఆక్సిన్ అనే హార్మోను అప్పటిదాకా వాటిని అణచి ఉంచుతుంది. కొస తెగితే ఆ పట్టు పోతుంది. మామ్మకి ఆక్సిన్ పేరు తెలియదు గానీ, సంక్రాంతి వెళ్లగానే ఆకు దూయడం తెలుసు.

మధ్యాహ్నం ఆకు వాలితే టెన్షన్ పడి బాల్చీ ఎత్తకండి. వేరు తాగిన నీటిలో నూటికి 97 పాళ్ల పైనే ఆకుల నుంచి ఆవిరైపోతుంది. మిట్టమధ్యాహ్నం ఆ ఖర్చుని వేరు అందుకోలేదు, అంతే. సాయంత్రానికి ఆకు లేస్తే ఇబ్బంది లేదు. తెల్లారేసరికి కూడా వాలే ఉంటే అప్పుడు మట్టి చూడాలి. చూడకుండా పోస్తే ఏమవుతుందో నాకు 2018 అక్టోబరులో తెలిసింది. తిత్లీ తుపానుకి పెరట్లో మూడు రోజులు నీళ్లు నిలిచాయి. ఆ తర్వాత వారానికి కనకాంబరాలు వాడిపోయాయి. దాహమనుకుని ఇంకా పోశాను. నిజానికి వాటికి ఊపిరి ఆడలేదు. ఆక్సిజన్ గాలిలో పాకే వేగంతో పోలిస్తే నీటిలో దాదాపు 10,000 రెట్లు నెమ్మది. మట్టి సందులన్నీ నీళ్లతో నిండితే వేరు కుళ్లుతుంది, కుళ్లిన వేరు నీళ్లు తాగలేదు. అందుకే ముంపులోనూ ఎద్దడిలోనూ ఆకు ఒకేలా వాలుతుంది. నాలుగు కనకాంబరాలూ పోయాయి. నందివర్ధనం మాత్రం నిలిచింది.

ఇప్పుడు పోసే ముందు ఒక ఇనుప చువ్వ గుచ్చి చూస్తున్నాను. తడి మట్టిలో సులువుగా దిగుతుంది, పొడి తగిలిన చోట ఆగిపోతుంది. రాయి తగిలినా ఆగుతుంది కాబట్టి రెండు మూడు చోట్ల గుచ్చాలి. మా చువ్వ విరిగిన గొడుగుది.