సూక్ష్మజీవి ఇంటిపేరు

పెదవాల్తేరు, విశాఖపట్నం
ఆదివారం

పిల్లలూ,

మొన్న మేడ మీద చిన్నోడు అడిగాడు: “తాతా, బాక్టీరియా ఒంటి మీద పేరేమీ రాసుండదు కదా, అది ఫలానాదని కంప్యూటర్‌కి ఎలా తెలుస్తుంది?” అప్పుడే కరెంటు వచ్చింది, మీరంతా కిందికి పరిగెత్తారు. జవాబు నా దగ్గరే ఉండిపోయింది. అందుకే ఈ ఉత్తరం.

మనం ఇంటిపేరు ముందు రాసి, పెట్టిన పేరు తర్వాత రాస్తాం. సూక్ష్మజీవులకీ అంతే. ఎషెరీషియా కోలై (పొట్టిగా ఈ.కోలై) అంటే ఎషెరీషియా ఇంటిపేరు, కోలై పెట్టిన పేరు. మొదటిది ప్రజాతి, రెండోది కలిస్తే జాతి. ఇంటిపేరు వెనక రాసే దేశాల పిల్లలకి ఇది కొత్తగా ఉంటుందేమో గానీ మీకు అక్కర్లేదు.

నేను పాఠాలు చెప్పే రోజుల్లో ఈ పేరు తేల్చడానికి రోజులు పట్టేది. బాక్టీరియాని రెండు గుంపులుగా విడదీసే గ్రామ్ రంగు వేసి చూడటం, ఏ చక్కెర తింటుందో, ఏ వేడిలో పెరుగుతుందో పరీక్షించడం. చేపలరేవులో మన కామేశ్వరమ్మ గంపలోకి ఒక చూపు చూసి కవళ్లు వేరు, కానాగంతలు వేరు అనేస్తుంది. బాక్టీరియాతో ఆ సుఖం లేదు. సూక్ష్మదర్శినిలో వందల రకాలు ఒకేలాంటి చిన్న కడ్డీల్లా కనిపిస్తాయి. 1977లో కార్ల్ వోస్ అనే అమెరికా శాస్త్రవేత్త, ప్రతి జీవిలోనూ ఉండే ఒక ఆర్ఎన్ఏని (జన్యువు నుంచి నకలు తీసిన అక్షరాల గొలుసుని) పోల్చి చూసి, బాక్టీరియా అనుకున్నవాటిలో కొన్ని అసలు బాక్టీరియాలే కావని, ఆర్కియా అనే వేరే శాఖ అని తేల్చాడు. అప్పట్నుంచి రూపం వదిలి, లోపలి రాత చదవడం మొదలైంది.

ఆ రాతే జీనోమ్. ఏ, టీ, జీ, సీ అనే నాలుగక్షరాలు. ఈ.కోలైలో అవి సుమారు 46 లక్షలు. వోస్ చూసిన ఆ ఒక్క ఆర్ఎన్ఏలో దాదాపు 1500 అక్షరాలే. పుస్తకమంతా వదిలేసి ఒక్క పేజీ చదివినట్టు. కుటుంబం తెలుస్తుంది గానీ అన్నెవరో తమ్ముడెవరో చాలాసార్లు తేలదు.

ఇప్పుడు పుస్తకమంతా చదివే సాఫ్ట్‌వేర్లున్నాయి. నేను వాడేది జీటీడీబీ-టీకే. ఆస్ట్రేలియాలో క్వీన్స్‌లాండ్ విశ్వవిద్యాలయం వాళ్లు మొదలుపెట్టిన జీటీడీబీ అనే జీనోమ్ వంశవృక్షానికి ఇది పనిముట్టు. మీరిచ్చిన జీనోమ్‌లో ముందు జన్యువులు ఎక్కడెక్కడున్నాయో వెతుకుతుంది. వాటిలో బాక్టీరియాలన్నిట్లో దాదాపుగా ఉండే 120 జన్యువుల్ని (ఆర్కియా అయితే 53) ఏరి, వరుసలో పేర్చి, ఆ వృక్షంలో ఏ కొమ్మకి అంటుతుందో చూస్తుంది. చివరికి ఆ కొమ్మ మీది చుట్టాలతో అక్షరం అక్షరం పోలుస్తుంది. పోలిక 95 శాతం దాటితే మామూలుగా అదే జాతి. తక్కువైతే చుట్టమే గానీ ఇంకొకరు. అంటే దానికి పేర్లు తెలియవు రా చిన్నోడా. తెలిసినవాళ్లలో నీకు దగ్గరివాళ్లెవరో మాత్రమే చెబుతుంది. పెళ్లిలో పెద్దమ్మమ్మ “నువ్వు ఎవరి మనవడివి?” అని అడిగి అడిగి లాగినట్టే.

వేలకొద్దీ జీనోమ్ ముక్కలొక్కసారి వచ్చిపడితే క్రాకెన్ లాంటివి ఉన్నాయి. 35 అక్షరాల చొప్పున ముక్కలు చేసి నిఘంటువులో వెతుకుతాయి. చాలా వేగం. నాకంత మోజు లేదు.

జీటీడీబీ-టీకేతో నా మొదటి ప్రయత్నం గురించి చెప్పకపోతే తప్పవుతుంది. పూట పూటంతా “జీనోమ్‌లే కనిపించడం లేదు” అనే మాట తప్ప ఇంకేం రాలేదు. ఫోల్డర్‌లో 12 ఫైళ్లున్నాయి, నా కళ్లకి కనిపిస్తున్నాయి! చివరికి తెలిసిందేమంటే, అది ఎఫ్ఎన్ఏ అనే తోక ఉన్న ఫైళ్లే చూస్తుంది, నావి ఎఫ్ఏ. తోక ఫలానా అని ఆదేశంలో చెప్పగానే కదిలింది. కదిలి, మెమరీ చాలక ఆగిపోయింది. మీ ఆటల లాప్‌టాప్‌లతో ఇది అయ్యే పని కాదు, సర్వరు కావాల్సిందే.

సర్వరు మీద నడిపాక, ఆ 12లో ఒకదానికి పొంతన లేని జవాబొచ్చింది. సాఫ్ట్‌వేర్‌ని తిట్టుకున్నాను. తప్పు జీనోమ్‌దే, రెండు సూక్ష్మజీవులు కలిసిపోయాయి. అందుకే ముందు చెక్ఎం అనేదానితో చూసుకోవాలి. ఒక్కటే ఉండాల్సిన జన్యువులు రెండేసి ఉంటే కల్తీ అంటుంది. మీ బడిసంచిలో రెండు తెలుగు వాచకాలు దొరికితే పక్కవాడి పుస్తకం దూరిందని మీ అమ్మ కనిపెట్టదూ, అలాగ. 90 శాతం పైన నిండుగా, 5 శాతం లోపు కల్తీతో ఉంటే మంచి సరుకు.

పేర్ల దగ్గర పేచీలున్నాయి. ఇంటిపేరొకటైనంత మాత్రాన చుట్టాలు కారని మనకి తెలుసు. బాసిల్లస్ అనే ఇంటిపేరుతో ఉన్నవాళ్లంతా ఒక ఇంటివాళ్లు కాదని జీనోమ్‌లు చూపాయి. అలాంటి చోట జీటీడీబీ వాళ్లు పేరు చివర ఏ, బీ అని అక్షరాలు తగిలిస్తారు, మనం పెదవాల్తేరు వాళ్లు, చినవాల్తేరు వాళ్లు అన్నట్టు. 2020లో లాక్టోబాసిల్లస్ అనే ఒక్క ఇంటిపేరుని పరిశోధకులు 25 ఇంటిపేర్లుగా విడగొట్టారు. పెరుగులో వాడే బల్గేరికస్ మాత్రం పాత ఇంట్లోనే ఉంది. తిరగేసి, విరేచనాలు తెచ్చే షిగెల్లా జీనోమ్ లెక్కలో ఈ.కోలైలో భాగమే, అయినా వైద్యులు పాత పేరే ఉంచుకున్నారు. రోగికి వైద్యం చేసేటప్పుడు ఆ పేరు పనికొస్తుంది, నాకు అది సబబుగానే తోస్తుంది.

జీటీడీబీ పట్టీలో కొత్త జీనోమ్‌లు చేరేకొద్దీ పేర్లూ మారతాయి. కాబట్టి ఏ విడుదలతో చూశారో ఆ సంఖ్య రాసుకోండి. నేను రాసుకోక ఒకసారి రెండు రకాల జవాబుల మధ్య కొట్టుకున్నాను.

నా దగ్గర చదువుకున్న అమ్మాయి భీమిలిలో గోస్తని సముద్రంలో కలిసే చోటి బురద నుంచి ఒక జీనోమ్ పంపింది. నిండుగా ఉంది, కల్తీ లేదు. ఫలితం ఒక వరుసలో వస్తుంది: డొమైన్, వర్గం, విభాగం, క్రమం, కుటుంబం, ప్రజాతి, జాతి. కవరు మీద చిరునామాలాగే. ఆరు గడులు నిండి ఉన్నాయి. ఏడోది, పెట్టిన పేరుండాల్సిన గడి, ఖాళీ. ఇంతవరకు పట్టీకెక్కినవాళ్లలో 95 శాతం పోలిక ఎవరితోనూ లేదన్నమాట. ఆ ఖాళీ గడి నా తెర మీద అలాగే ఉంచాను. వచ్చే ఆదివారం రండి, చూపిస్తాను. ఫైళ్లు తెచ్చేవాళ్లు తోకలు సరిచూసుకుని తెండి.

మీ తాతయ్య