ఫుల్ థ్రాటిల్ పెడితే త్వరగా చేరరు: ఎలీట్ డేంజరస్ కొత్త పైలట్ల అపోహలు, వాస్తవాలు

బెంగళూరు మారతహళ్లిలో ఉన్న మా గేమింగ్ సెంటర్‌కి వారాంతాల్లో వచ్చేవాళ్లలో తెలుగువాళ్లే ఎక్కువ. అనంతపురం, కడప, చిత్తూరు వైపు నుంచి వచ్చి ఇక్కడి పీజీల్లో ఉంటూ ఉద్యోగం చేసుకునే పిల్లలు. వాళ్లలో ఎలీట్ డేంజరస్ అనే అంతరిక్ష నౌకలు నడిపే గేమ్ నేర్చుకోవాలని వచ్చేవాళ్లకి షిప్ నడపడం నేర్పేది నేనే. 2020 నవంబరులో ఆన్‌లైన్ గేమ్ షాపు ఎపిక్ స్టోర్ ఈ గేమ్‌ని ఉచితంగా ఇచ్చినప్పుడు తీసుకుని, లైబ్రరీలో అలాగే వదిలేసినవాళ్లు కూడా ఇప్పుడు తెరిచి చూస్తున్నారు. సంతోషం. కానీ అందరి నోటా ఒకటే మాట: "అన్నా, స్పేస్ స్టేషన్ దగ్గరికి పోగానే దాటిపోతున్నా. ఏ జాయ్‌స్టిక్ కొనమంటావ్?"

ఏదీ కొనొద్దు. ముందు ఇది చదవండి.

అపోహ: థ్రాటిల్ (వేగం పెంచి తగ్గించే మీట) ఎంత ముందుకు తోస్తే అంత త్వరగా చేరతాం. దాటిపోతున్నామంటే చెయ్యి కుదరట్లేదని అర్థం.

వాస్తవం: మీ చేతిలో ఏ లోపమూ లేదు. సూపర్‌క్రూజ్‌లో, అంటే ఒక నక్షత్ర వ్యవస్థ లోపల కాంతి వేగాన్ని కూడా మించిపోయే ప్రయాణంలో, థ్రాటిల్ తగ్గించగానే షిప్ వేగం ఒక్కసారిగా తగ్గదు, మెల్లగా తగ్గుతుంది. గ్రహాలకీ నక్షత్రాలకీ దూరంగా ఉన్నంతసేపూ వేగం పెరుగుతూ పోతుంది, గరిష్ఠంగా కాంతి వేగానికి 2,001 రెట్ల దాకా. ఏదైనా గ్రహం దగ్గరపడితే దాని గురుత్వాకర్షణ పట్టుకుని తగ్గిస్తుంది. అంత వేగంలోంచి దిగిరావడానికి షిప్‌కి కొంత టైం కావాలి. చివరిదాకా ఫుల్ థ్రాటిల్‌లో వస్తే ఆ టైం ఉండదు. తెర మీద "స్లో డౌన్" అని మెరుస్తుంది, మీరు చూసి థ్రాటిల్ లాగేసరికి స్టేషన్ వెనక్కి పోయి ఉంటుంది. తిప్పుకుని మళ్లీ ఫుల్ థ్రాటిల్, మళ్లీ దాటిపోవడం. పాత ఆటగాళ్లు లూప్ ఆఫ్ షేమ్ అనేది దీన్నే. ఒక్కో ప్రయాణంలో మూడు నాలుగు సార్లు ఇలా గిరగిరా తిరిగి, విసుగొచ్చి గేమ్ తీసేసినవాళ్లని ఎంతమందినో చూశాను. గేమ్ మీద ఇష్టం లేక కాదు, ఒక్క అంకె ఎవరూ చెప్పక.

ఆ అంకె ఏడు.

టార్గెట్ పక్కన రెండు విలువలు కనిపిస్తాయి: దూరం, చేరడానికి పట్టే సమయం. దూరాన్ని వదిలేయండి, సమయం మీదే కన్నుంచండి. దారి మధ్యలో ఫుల్ థ్రాటిల్ తప్పు కాదు, పెట్టుకోండి. ఆల్ఫా సెంటారీలో హటన్ ఆర్బిటల్ అనే స్టేషన్ ఉంది, అక్కడి ప్రధాన నక్షత్రానికి 0.22 కాంతి సంవత్సరాల దూరం. ఫుల్ థ్రాటిల్‌లో పోయినా గంట దాటుతుంది. అక్కడికి బయల్దేరి 75 శాతంలో పొమ్మని ఎవరికీ చెప్పను. చివర్లో మాత్రం సమయం తగ్గుతుండటం చూడండి. 0:12, 0:10, 0:08. 0:07 పడగానే థ్రాటిల్‌ని 75 శాతానికి, అంటే తెర మీద థ్రాటిల్ గీతలో కనిపించే నీలం జోన్‌లోకి తెచ్చి వదిలేయండి. ఇక ముట్టుకోవద్దు.

టెన్షన్ పుట్టేది ఇక్కడే. సమయం 0:06, 0:07 మధ్య అక్కడే నిలబడిపోతుంది. "తగ్గట్లేదేంటన్నా, ఆగిపోయిందా?" అని కంగారుపడి మళ్లీ థ్రాటిల్ తోసేస్తారు. ఆగలేదు. దూరం తగ్గేకొద్దీ వేగం కూడా అదే లెక్కన తగ్గుతోంది. అందుకే దూరాన్ని వేగంతో భాగిస్తే ప్రతిసారీ ఆ ఆరేడు సెకన్లే వస్తాయి. అది నిలకడగా ఉందంటే మీరు సరిగ్గా వస్తున్నారన్నమాట. దూరం 1 మెగామీటర్ లోపుకి, అంటే 1,000 కిలోమీటర్ల లోపుకి రావాలి. వేగం కూడా సెకనుకి 1 మెగామీటర్ కిందికి దిగాలి. అప్పుడు "సేఫ్ డిస్‌ఎంగేజ్" అని వస్తుంది. అది కనిపించాక డ్రైవ్ కీ (సూపర్‌క్రూజ్‌లోంచి బయటికి తెచ్చే కీ) నొక్కితే స్టేషన్ ముందు దిగుతారు. ఏడు కంటే ముందే థ్రాటిల్ తగ్గిస్తే కాస్త ఆలస్యమవుతుంది, అంతే. నాలుగు, ఐదుకి వచ్చాక తగ్గిస్తే దాటిపోయినట్టే.

ఒక పని తప్పకుండా చేసుకోండి. కంట్రోల్స్ మెనూలో థ్రాటిల్‌ని నేరుగా 75 శాతానికి పెట్టే ఆప్షన్ ఉంటుంది. దానికి చేతికి అందే కీ ఒకటి కేటాయించండి. 50 శాతానికి ఇంకొకటి. థ్రాటిల్ పెంచే కీ, తగ్గించే కీ పట్టుకుని అందాజుగా నీలం జోన్‌లో ఆపడం కంటే ఒక్క నొక్కు వంద రెట్లు నయం.

అనంతపురం కుర్రాడొకడు, టెస్టింగ్‌లో పని చేస్తాడు, ఒక శనివారం ఎస్పీ రోడ్ ఎలక్ట్రానిక్స్ మార్కెట్ నుంచి నేరుగా మా దగ్గరికొచ్చాడు. చేతిలో కొత్త హోటాస్ (జాయ్‌స్టిక్, థ్రాటిల్ కలిసిన సెట్) పెట్టె, ఇంకా సీలు తియ్యలేదు. జీతం పడిన వారమే కొన్నాడు. "చెయ్యి వణుకుతోందన్నా, స్టేషన్ మీదికి సూటిగా రాలేకపోతున్నా" అన్నాడు. పెట్టె తెరవొద్దని చెప్పి పక్కన పెట్టించాను. మామూలు కీబోర్డు ముందు కూర్చోబెట్టి, 75 శాతం కీ ఒకటి పెట్టి, "సెకన్లు పైకి చదువు, ఏడు రాగానే నొక్కు" అన్నాను. పైకే చదివాడు. "పది, తొమ్మిది, ఎనిమిది, ఏడు." నొక్కి చేతులు రెండూ ఒళ్లో పెట్టుకున్నాడు. సేఫ్ డిస్‌ఎంగేజ్ వచ్చింది. తర్వాత స్టేషన్‌కి కూడా నన్ను చూడకుండా అలాగే వచ్చాడు. సోమవారం పెట్టె తిరిగి ఇవ్వడానికి పోతే షాపువాడు తీసుకోలేదు. నాకు బాధ కలిగేది ఇందుకే. నెల జీతంలో అద్దె, మెస్ బిల్లు పోగా మిగిలేదెంతో మనందరికీ తెలుసు. వీడియోల కింద "కీబోర్డుతో ఈ గేమ్ అవ్వదు" అని రాసేవాళ్లకి ఆ లెక్క అక్కర్లేదు.

ఇదే థ్రాటిల్ సంగతి స్టేషన్ ముందు దిగాక కూడా వర్తిస్తుంది. మామూలు స్పేస్‌లో ఫ్లైట్ అసిస్ట్ (షిప్ జారిపోకుండా కంప్యూటర్ సరిచేసే సదుపాయం) ఆన్‌లో ఉన్నప్పుడు షిప్ అన్నిటికంటే చురుగ్గా తిరిగేది థ్రాటిల్ నడిమి భాగంలో, అంటే అక్కడున్న నీలం జోన్‌లో. ఫుల్ స్పీడ్‌లో తిరగాలంటే పెద్ద చుట్టు చుట్టాల్సి వస్తుంది. ఈ సంగతి తెలియక, స్టేషన్ నోటి ముందు స్పీడ్ పెంచి, షిప్ తిరగట్లేదని మౌస్‌ని తిట్టుకుంటారు. అపార్ట్‌మెంట్ సెల్లార్‌లోకి కారు దింపేటప్పుడు ఎవరైనా యాక్సిలరేటర్ తొక్కుతారా? ఇక్కడా అంతే.

డాకింగ్ క్రమం, అంటే స్టేషన్‌లో షిప్ దించే క్రమం, ఇది. 7.5 కిలోమీటర్ల లోపుకి వచ్చాకే పర్మిషన్ అడగాలి, అంతకు ముందు అడిగితే ఒప్పుకోరు. దిగాల్సిన ప్యాడ్ నంబర్ ఇస్తారు. స్టేషన్ నోటికి ఎదురుగా రండి. నోటికి రెండు పక్కలా పచ్చ, ఎరుపు దీపాలుంటాయి, లోపలికి వెళ్లేటప్పుడు పచ్చ మీ కుడివైపు ఉండాలి. వేగం సెకనుకి 100 మీటర్లు దాటనివ్వద్దు. దాటి ఎవరినైనా గుద్దితే తప్పు మీ మీద పడుతుంది. ల్యాండింగ్ గేర్ దించండి. పర్మిషన్ ఇచ్చాక పది నిమిషాల టైం ఉంటుంది, అది చాలా ఎక్కువ. నెల్లూరు నుంచి కొడుకు దగ్గరికొచ్చిన ఒక పెద్దావిడ సరదాగా కూర్చుని, సెకనుకి 30 మీటర్ల వేగంతో నిదానంగా లోపలికి పోయి ప్యాడ్ మీద దించారు. ఆవిడ ముందెప్పుడూ గేమ్ ఆడలేదు. తొందర లేదు, అంతే తేడా.

వేగం తగ్గించుకోవడమే అసలు పని అన్నది గేమ్ కోసం కల్పించిన మాటేం కాదు. సూపర్‌క్రూజ్ కల్పనే, కానీ ఈ సూత్రం నిజం. 2023 ఆగస్టు 23 సాయంత్రం మా సెంటర్‌లో అన్ని తెరల మీదా చంద్రయాన్-3 లైవే పెట్టాం. ఇక్కడే, ఈ ఊళ్లోనే ఉన్న ఇస్రో కేంద్రం ఇస్ట్రాక్ నుంచి నడిపించారు. చంద్రుడికి సుమారు 30 కిలోమీటర్ల ఎత్తులో విక్రమ్ ల్యాండర్ సెకనుకి దాదాపు 1.68 కిలోమీటర్ల వేగంతో పోతోంది. అక్కడి నుంచి నేలమీద దిగడానికి పట్టిన పందొమ్మిది నిమిషాల్లో ఇంజిన్లకి ప్రధానమైన పని ఆ వేగాన్ని చంపడమే. వచ్చిన పిల్లలకి ఆ వీడియో ఇప్పటికీ చూపిస్తాను. వేగం అంకె పడిపోతుంటే ఆ గది గదంతా ఊపిరి బిగబట్టి చూసింది, వేగం పెరిగినందుకు కాదు.

అయితే జాయ్‌స్టిక్, హోటాస్ వద్దేవద్దా అంటే, ఇష్టమైతే కొనుక్కోండి. గంటలు గంటలు ఆడేవాళ్లకి చేతికి హాయిగా ఉంటుంది, కాక్‌పిట్‌లో కూర్చున్న అనుభూతి బాగుంటుంది. అది సుఖం కోసం, నైపుణ్యం కోసం కాదు. సెకండ్ హ్యాండ్‌ది కొంటే షిప్ తనంతట తానే పక్కకి జారిపోతుండొచ్చు, డెడ్‌జోన్ (చిన్న కదలికల్ని గేమ్ పట్టించుకోని హద్దు) కొంచెం పెంచుకోండి. గేమ్‌ప్యాడ్ ఉంటే అదీ చాలు.

మిగతావి గబగబా చెప్పేస్తాను.

"ఫ్లైట్ అసిస్ట్ ఆఫ్ చేసి నడపకపోతే పైలటే కాదు." ఎవరన్నారో గానీ పట్టించుకోకండి. ఆఫ్ చేస్తే షిప్ ఎటు పోతుంటే అటే జారుకుంటూ పోతుంది, ముక్కు మీకిష్టమైనవైపు తిప్పుకోవచ్చు. ఫైటింగ్‌లో బాగా పనికొస్తుంది. అప్పుడు కూడా గేమ్ టాప్ స్పీడ్‌కి హద్దు పెడుతుంది, కాబట్టి అదే అసలైన భౌతికశాస్త్రం అనే మాట కూడా పూర్తిగా నిజం కాదు. డాకింగ్ చేతికి వచ్చాక నేర్చుకోండి.

"డాకింగ్ కంప్యూటర్ పెట్టుకోవడం చీటింగ్." కాదు. ఒక చిన్న స్లాట్ తీసుకుంటుంది, పర్మిషన్ వచ్చాక థ్రాటిల్ సున్నాకి తెస్తే తనే దించుతుంది. రోజంతా ఆఫీసులో అలిసిపోయి వచ్చినవాళ్లు వాడుకోవాలి. సూపర్‌క్రూజ్‌లో తనే నడిపే సూపర్‌క్రూజ్ అసిస్ట్ కూడా అంతే. కాకపోతే అదీ థ్రాటిల్ నీలం జోన్‌లో ఉంటేనే పని చేస్తుంది.

"ముందు అనకొండ కొనాలి." ఇది రెండో ఖరీదైన అపోహ. అనకొండ అనే పెద్ద షిప్ ధరే సుమారు 14.7 కోట్ల క్రెడిట్లు (గేమ్‌లోని డబ్బు). షిప్ పేలిపోతే తిరిగి తెచ్చుకోవడానికి దాని విలువలో 5 శాతం కట్టాలి, అంటే ఖాళీ షిప్‌కే దాదాపు 73 లక్షలు. మాడ్యూల్స్ కలిపితే ఇంకా ఎక్కువ. ఉన్నదంతా ఊడ్చి కొని, చేతిలో ఆ 5 శాతం లేకుండా బయల్దేరి, మొదటి స్టేషన్ గోడకే పోగొట్టుకున్నవాళ్లున్నారు. పైగా అది నిదానంగా తిరుగుతుంది, ఔట్‌పోస్టుల్లో, అంటే చిన్న స్టేషన్లలో, దిగడానికి పెద్ద ప్యాడే ఉండదు. మొదట ఇచ్చే సైడ్‌వైండర్‌నే తనివితీరా నడపండి. పోయినా ఉచితంగానే మళ్లీ ఇస్తారు, గుద్దుకుంటే గుద్దుకోనివ్వండి.

"దారిలో ఎవరైనా ఇంటర్‌డిక్ట్ చేస్తే ఇక చచ్చినట్టే." ఇంటర్‌డిక్ట్ అంటే సూపర్‌క్రూజ్‌లోంచి మిమ్మల్ని బలవంతంగా బయటికి లాగడం. భయపడకండి. కొత్తవాళ్లు పెనుగులాడకుండా థ్రాటిల్ సున్నాకి తెచ్చి లొంగిపోవడమే మంచిది. పెనుగులాడి ఓడితే షిప్ దెబ్బతింటుంది, డ్రైవ్ కోలుకోవడానికీ ఎక్కువ సేపు పడుతుంది. లొంగితే త్వరగా సిద్ధమవుతుంది. బయటపడగానే బూస్ట్ కొడుతూ, ముందే ఎంచిపెట్టుకున్న ఇంకో నక్షత్ర వ్యవస్థకి జంప్ చేసేయండి. మనుషులంటేనే బెరుకైతే సోలో మోడ్ ఉంది, అందులో వేరే ఆటగాళ్లెవరూ తగలరు. గెలాక్సీ అదే.

"ఇంధనం అయిపోతే గేమ్ అయిపోయినట్టే." అన్ని నక్షత్రాల దగ్గరా ఇంధనం దొరకదన్నది నిజం. కె, జి, బి, ఎఫ్, ఓ, ఎ, ఎం రకాల దగ్గరే దొరుకుతుంది, దానికి నక్షత్రం నుంచి ఇంధనం తోడే ఫ్యూయల్ స్కూప్ ఉండాలి. మన సూర్యుడు జి రకం. గెలాక్సీ మ్యాప్‌లో ఈ రకాలు మాత్రమే కనిపించేలా ఫిల్టర్ పెట్టుకుని రూట్ వేసుకోండి. అయినా ఎక్కడో చిక్కుకుపోతే, ఫ్యూయల్ ర్యాట్స్ అని ఆటగాళ్ల బృందం ఉంది, పైసా తీసుకోకుండా ఇంధనం తెచ్చి పోస్తారు. ఆక్సిజన్ టైమర్ మొదలైందా, ఇంకేమీ ఆలోచించకుండా ముందు మెయిన్ మెనూకి వచ్చేయండి. అక్కడ టైమర్ నడవదు. తర్వాత వాళ్లని పిలవండి, ఎప్పుడు తిరిగి లాగిన్ అవ్వాలో వాళ్లే చెప్తారు.