'హై నూన్'కు నిర్మాత పని చేసిందెవరు?

పాత హాలీవుడ్ తగువుల్లో 'హై నూన్' తగువు ఇంకా తెగలేదు. 1952లో వచ్చిన ఆ వెస్టర్న్‌కు స్క్రీన్‌ప్లే రాసింది కార్ల్ ఫోర్‌మన్ అని టైటిల్స్‌లోనే ఉంది. ఆయనకు దక్కాల్సిన అసోసియేట్ ప్రొడ్యూసర్ హోదా మాత్రం తెర మీద పడలేదు. ఎందుకు పడలేదో తెలియాలంటే ఇంకొంచెం వెనక్కి వెళ్లాలి.

ఫోర్‌మన్ 1914లో షికాగోలో పుట్టారు. 1938లో కమ్యూనిస్టు పార్టీలో చేరి, కొన్నేళ్లకే బయటికొచ్చేశారు. యుద్ధం ముగిశాక నిర్మాత స్టాన్లీ క్రామర్‌తో కలిసి చిన్న నిర్మాణ సంస్థ పెట్టారు. వాళ్ల మొదటి సినిమా పోయింది. 1949లో బాక్సింగ్ కథ 'ఛాంపియన్' నిలబెట్టింది. మరుసటి ఏడాది వచ్చిన 'ది మెన్'తో మార్లన్ బ్రాండో సినిమాల్లోకి వచ్చాడు. ఈ రెండింటికీ ఫోర్‌మన్ రచన ఆస్కార్ నామినేషన్ దాకా వెళ్లింది.

అప్పటికే హాలీవుడ్‌లో భయం పాకింది. అమెరికన్ వ్యతిరేక కార్యకలాపాల పేరుతో ప్రతినిధుల సభ కమిటీ 1947లో సినిమావాళ్లను కమ్యూనిస్టులా అని విచారించింది. జవాబు చెప్పని పదిమందికి పని ఇవ్వబోమని అదే నవంబర్‌లో స్టూడియో అధిపతులు ప్రకటించారు. బ్లాక్‌లిస్ట్ అక్కడ మొదలైంది.

1951 సెప్టెంబర్‌లో 'హై నూన్' షూటింగ్ జరుగుతుండగా ఫోర్‌మన్ వంతు వచ్చింది. తాను ఇప్పుడు పార్టీ సభ్యుణ్ని కానని చెప్పారు. పాత సహచరుల పేర్లు చెప్పడానికి మాత్రం ఒప్పుకోలేదు. ఊళ్లో ఒక్కరూ తోడు రాని మార్షల్ (ఊరి పోలీసు అధికారి) కథ రాస్తున్న మనిషికి అదే అనుభవం ఎదురైంది. తన చుట్టూ జరుగుతున్నదే ఆ స్క్రిప్టులోకి వచ్చిందని ఆయనే తర్వాత చెప్పారు. క్రామర్ ఆయనతో తెగతెంపులు చేసుకున్నారు. దర్శకుడు ఫ్రెడ్ జిన్నెమన్, హీరో గ్యారీ కూపర్ ఆయన పక్షాన నిలిచారు. 1947లో అదే కమిటీకి అనుకూల సాక్షిగా వెళ్లిన కూపర్ అలా నిలబడ్డారంటే నాకు గౌరవం కలుగుతుంది. ఫోర్‌మన్ పెట్టబోయే కంపెనీలో డబ్బు పెడతానని కూడా అన్నారు. ఒత్తిడి తట్టుకోలేక తర్వాత తప్పుకున్నారు.

సినిమా విడుదలయ్యేసరికి ఫోర్‌మన్ ఇంగ్లండ్‌లో ఉన్నారు. ఆయన పాస్‌పోర్టునూ రద్దు చేశారు.

తర్వాత జరిగింది మరీ అన్యాయం. 'ది బ్రిడ్జ్ ఆన్ ది రివర్ క్వాయ్' స్క్రిప్టు మొదట ఫోర్‌మన్, ఆపైన మైఖేల్ విల్సన్ రాశారు. ఇద్దరూ బ్లాక్‌లిస్ట్‌లో ఉన్నవాళ్లే. టైటిల్స్‌లో మాత్రం మూల నవల రాసిన ఫ్రెంచి రచయిత పియర్ బూల్ పేరు వేశారు. ఇంగ్లిష్‌లో ఆ స్క్రిప్టు రాయని మనిషికి 1958లో స్క్రీన్‌ప్లే ఆస్కార్ ఇచ్చారు. పని కావాలి, పనిచేసినవాడి పేరు మాత్రం వద్దు. అప్పటి స్టూడియోల తీరు ఇదే.

1956లో ఫోర్‌మన్ మళ్లీ కమిటీ ముందుకు వెళ్లారు. ఈసారీ ఎవరి పేరూ చెప్పకుండానే బయటపడ్డారు. కొలంబియా స్టూడియోతో ఒప్పందం కుదిరింది. ఆయనే రాసి నిర్మించిన 'ది గన్స్ ఆఫ్ నవరోన్' 1961లో పెద్ద హిట్టయింది. 1969లో 'మెకన్నాస్ గోల్డ్' అమెరికాలో ఆడలేదు గానీ మన దేశంలో విరగబడి ఆడింది. మన పాత తరం ప్రేక్షకుల్లో చాలామంది ఫోర్‌మన్ పేరు తెలియకుండానే ఆయన సినిమా చూశారు.

1984 జూన్‌లో ఫోర్‌మన్ చనిపోయారు. విల్సన్ 1978లోనే పోయారు. 'క్వాయ్' ఆస్కార్‌ను అకాడమీ ఆ తర్వాత వాళ్లిద్దరి పేరునా ఇచ్చింది. అందుకోవడానికి వాళ్ల భార్యలే మిగిలారు.

'హై నూన్' విషయం అలా తేలలేదు. నిర్మాత బాధ్యత మోసింది క్రామర్ కాదు, ఫోర్‌మనేనని 2002లో ఒక డాక్యుమెంటరీ వాదించింది. క్రామర్ కుటుంబం గట్టిగా ఖండించింది. క్రామర్ తర్వాతి రోజుల్లో బ్లాక్‌లిస్ట్ రచయితకు పనిచ్చిన మాటా నిజమే. అయినా ఫోర్‌మన్ హోదా తీసేయడానికి ఆ సినిమాకు ఆయన చేసిన పనిలో లోపం కారణం కాదు.