పాట ఆమెది, తెర మూగది: రాకెల్ మెల్లెర్ సినిమాల వెనక కథ

చాప్లిన్ ‘సిటీ లైట్స్’ (1931)లో చూపులేని పూలమ్మాయి కనిపించినప్పుడల్లా వినిపించే బాణీ చాలామందికి గుర్తే. టైటిల్స్‌లో సంగీతం చాప్లిన్ పేరునే ఉంది. నిజానికి అది స్పానిష్ స్వరకర్త హోసె పాదియా చేసిన ‘లా వియొలెతేరా’ పాట. పాదియా పారిస్‌లో కోర్టుకెక్కి గెలిచారు. ఆ పాటను మొదట పాడింది వేరొకరైనా, దేశదేశాల్లో మోగించింది మాత్రం రాకెల్ మెల్లెర్. పాట నిలిచి, పాడినావిడ పేరు మరుగున పడిపోవడానికి సినిమా సాంకేతికతే చాలావరకు కారణం.

అసలు పేరు ఫ్రాన్సిస్కా మార్కేస్ లోపెజ్. 1888లో ఆరగాన్ ప్రాంతంలోని తారాసోనాలో పుట్టారు. బార్సిలోనాలో కుట్టుపని చేసుకుంటూ పాటలోకి వచ్చారు. 1911లో అక్కడి ఆర్నౌ థియేటర్ ఆమెకు పేరు తెచ్చింది. ఆమె పాడేది ‘కుప్లే’, అంటే స్పెయిన్ వేదికల మీద అభినయిస్తూ పాడే చిన్న పాట. ఒక్కో పాటలో ఒక్కో మనిషి. ఆ మనిషికి తగ్గ దుస్తులు, చేతిలో ఒకటో రెండో వస్తువులు. మూడు నాలుగు నిమిషాల్లో కథంతా ముఖంలోనే పలకాలి. పూలమ్మాయి పాటకైతే బుట్టలోంచి వయొలెట్ పూలు తీసి ప్రేక్షకుల మీదికి విసిరేవారు. సినిమావాళ్లకు కావలసింది ఈ ముఖాభినయమే.

1919లో రికార్దో దె బాన్యోస్ తీసిన మూడు భాగాల సీరియల్‌తో తెరమీదికి వచ్చారు. ఆమె పేరు పెరిగాక దాన్ని కుదించి, ‘లా హితానా బ్లాంకా’ అనే కొత్త పేరుతో వదిలారు. ఆమె సినిమా పేరును దూరం తీసుకెళ్లింది మాత్రం ఫ్రాన్స్. ఆంరీ రూసెల్ 1924లో తీసిన ‘వియొలెత్ ఇంపేరియాల్’ కథే పాట చుట్టూ అల్లినట్టుంటుంది: సెవీయాలో పూలమ్ముకునే అమ్మాయి, స్పెయిన్‌లో పుట్టి ఫ్రాన్సుకు మహారాణి అయిన యూజెనీ. మూకీ కాబట్టి బాణీ హాల్లో వాద్యబృందం వాయిస్తేనే వినపడేది. చిన్న ఊళ్లలో ఒక్క పియానోతో సరి.

1926లో జాక్ ఫేడర్ తీసిన ‘కార్మెన్’ దగ్గర దర్శకుడితో గొడవ వచ్చింది. కథలో మగవాళ్లను మోహంలో పడేసే జిప్సీ అమ్మాయి కార్మెన్ పతివ్రతలా ఉండాలని మెల్లెర్ పట్టు, ముద్దు సీన్లకు ససేమిరా. సినిమాలో రోందా కొండలు, లాజార్ మీర్సన్ సెట్లు గుర్తుంటాయి, స్మగ్లర్ల గుంపులో తర్వాత పెద్ద దర్శకుడైన కుర్ర లూయిస్ బున్యుయెల్ కనిపిస్తాడు. కార్మెన్ మాత్రం చల్లగా ఉంటుంది. ఇక్కడ తప్పు సాంకేతికతది కాదు, ఆమెదే.

అదే ఏడాది న్యూయార్క్‌లో పాడారు, ‘టైమ్’ పత్రిక ముఖచిత్రమయ్యారు. ఫాక్స్ కంపెనీ ఫిల్ముమీదే ధ్వని ముద్రించే తన మూవీటోన్ పద్ధతిలో ఆమె పాటల్ని పట్టింది. 1927 జనవరిలో, టాకీల యుగాన్ని మొదలుపెట్టిన ‘జాజ్ సింగర్’ కంటే దాదాపు తొమ్మిది నెలల ముందే, జనానికి చూపింది. గొంతు రికార్డింగ్‌కు పనికిరాక ఆగిపోయారనడం అందుకే కుదరదు. పూర్తి నిడివి టాకీ ఆమెకు దక్కేసరికి 1932 వచ్చింది, వయసు నలభై దాటింది. అదీ కొత్త కథ కాదు, రూసెలే మళ్లీ తీసిన ‘వియొలెత్ ఇంపేరియాల్’. 1936లో మొదలైన ‘లోలా త్రియానా’ స్పెయిన్ అంతర్యుద్ధంతో సగంలో ఆగింది.

పాత మూకీకి పాట అతికిస్తే పోయేది కదా అనిపిస్తుంది. అంత తేలిక కాదు. 35 ఎంఎం ఫిల్ము వెయ్యి అడుగుల్లో 16,000 ఫ్రేములు. సెకనుకు 18 చొప్పున తిప్పితే దాదాపు 15 నిమిషాలు, టాకీ వేగం 24లో 11 నిమిషాలే. మనుషులు గబగబా నడుస్తారు, కుప్లేకు ప్రాణమైన నిదానం పోతుంది. పైగా ఫిల్ముమీదే ధ్వని ముద్రించాలంటే రంధ్రాల వరస పక్కన రెండున్నర మిల్లీమీటర్ల పట్టీ కావాలి. మూకీ బొమ్మ ఆ వెడల్పునంతా వాడుకుంటుంది కనుక ఎడమ అంచు తెగిపోతుంది. ఎడమవైపు తలలు సగమే కనిపించే ప్రింట్లకు కారణమిదే.

1957లో సారా మోంతియెల్ నటించిన ‘ఎల్ ఉల్తిమో కుప్లే’ ఘనవిజయంతో ఆ పాటలకు మళ్లీ గిరాకీ వచ్చింది. మరుసటి ఏడాది ‘లా వియొలెతేరా’ పేరుతోనే సినిమా వచ్చింది, అందులోనూ మోంతియెలే. బార్సిలోనాలో ఉంటున్న మెల్లెర్ 1962లో కన్నుమూశారు.

‘వియొలెత్ ఇంపేరియాల్’ కోసం వెతికేవాళ్లకు ఒక జాగ్రత్త: ఆ పేరుతో మూడు సినిమాలున్నాయి. 1924, 1932లవి రెండూ రూసెల్, మెల్లెర్‌లవే కాబట్టి వివరాలు తరచూ కలిసిపోతాయి. టైటిల్ కార్డులతో నడిస్తే మొదటిది, మాటలుంటే రెండోది. రంగుల్లో లూయిస్ మరియానో, కార్మెన్ సెవీయా కనిపిస్తే అది 1952 నాటిది, అందులో మెల్లెర్ లేరు.