రిఫ్రెష్ కొట్టినంత మాత్రాన కంప్యూటర్ పరుగెత్తదు: కీబోర్డు షార్ట్‌కట్లపై అపోహలు - వాస్తవాలు

ఇక్కడ చెప్పేవన్నీ విండోస్ 10, 11 కంప్యూటర్లకూ, వాటిలో వాడే ఎంఎస్ ఆఫీసుకూ సంబంధించినవి. ఆఫీసుల్లో, డీటీపీ సెంటర్లలో, కాలేజీ ల్యాబుల్లో రోజూ వినిపించే మాటలనే తీసుకున్నాం.

అపోహ: కంట్రోల్+ఏ నుంచి కంట్రోల్+జెడ్ దాకా కంఠతా వస్తే స్పీడు దానంతటదే వస్తుంది.

వాస్తవం: ఆ జాబితా బ్యాంకు పరీక్షల్లో కంప్యూటర్ బిట్లకు పనికొస్తుంది. సీట్లో కూర్చుని చేసే పనికి అంతగా అక్కరకు రాదు. ఎందుకో లెక్క వేసి చూడొచ్చు. స్టూవర్ట్ కార్డ్, థామస్ మోరాన్, అలెన్ న్యూవెల్ అనే ముగ్గురు పరిశోధకులు 1980లో కంప్యూటర్ ముందు మనిషి చేసే ఒక్కో చిన్న కదలికకూ సగటున ఎంతసేపు పడుతుందో లెక్కగట్టారు. ఓ మోస్తరు టైపింగ్ వచ్చినవాళ్లకు ఒక కీ నొక్కడానికి 0.28 సెకన్లు. చెయ్యి కీబోర్డు మీంచి మౌస్ మీదికి వెళ్లడానికి 0.4. తెర మీది బాణాన్ని కావలసిన చోటికి చేర్చడానికి 1.1. టైపింగ్ మధ్యలో ఆగి రైట్ క్లిక్‌తో కాపీ చేస్తే మౌస్ దగ్గరికి వెళ్లడం, మాట మీదికి బాణాన్ని తేవడం, మెనూలో కాపీ మీదికి జరపడం, చెయ్యి వెనక్కి రావడం అన్నీ కలిపి మూడు సెకన్లు దాటుతుంది. కంట్రోల్+సి అరసెకను పైచిలుకు.

అదే లెక్కలో ఇంకో అంకె ఉంది. చాలామంది దాన్ని పట్టించుకోరు. 'ఇప్పుడేం నొక్కాలి' అని మనసులో కూడదీసుకోవడానికి పట్టే సమయం 1.35 సెకన్లు. అంటే ఏ కీ అని తడుముకుంటున్నంతసేపూ షార్ట్‌కట్ లాభం సగం మాయమైనట్టే. వేళ్లకు అలవాటైన ఆరు షార్ట్‌కట్లు, నోటికి వచ్చిన అరవై కంటే ఎక్కువ పని చేసిపెడతాయి. అందుకని ఒక రోజంతా మౌస్‌తో మీరు ఎక్కువగా చేసే పనులేవో కాగితం మీద గీతలు పెట్టుకోండి. పైన తేలిన రెండింటికి మాత్రమే కీలు చూసుకుని వారం పాటు వాటినే వాడండి. బటన్ మీద బాణాన్ని ఒక్క క్షణం ఆపితే దాని షార్ట్‌కట్ చాలాసార్లు అక్కడే కనబడుతుంది.

అపోహ: డెస్క్‌టాప్ మీద రైట్ క్లిక్ చేసి నాలుగైదుసార్లు రిఫ్రెష్ కొడితే, లేదా ఎఫ్5 నొక్కితే, సిస్టమ్ ఫాస్ట్ అవుతుంది.

వాస్తవం: కాదు. కంప్యూటర్ ఆన్ చేయగానే వేలు దానికదే అటు పోయేంతగా ఈ అలవాటు పాతుకుపోయింది. ఆ రిఫ్రెష్ చేసేది ఒక్కటే: డెస్క్‌టాప్ మీది ఐకాన్ల జాబితాను మళ్లీ చదివి మళ్లీ గీస్తుంది. కొత్తగా పెట్టిన ఫైలు కనబడకపోతే అప్పుడు దానితో పని. ర్యామ్‌లో బైటు కూడా ఖాళీ కాదు, వెనక నడుస్తున్న ప్రోగ్రాం ఒక్కటీ ఆగదు. సిస్టమ్ నెమ్మదించినప్పుడు నొక్కాల్సింది కంట్రోల్+షిఫ్ట్+ఎస్కేప్. నేరుగా టాస్క్ మేనేజర్ తెరుచుకుంటుంది. అందులో మెమరీ అన్న నిలువు వరుస తల మీద క్లిక్ చేస్తే ఎక్కువ మింగుతున్నది పైకి వస్తుంది. చాలాసార్లు అది ముప్పై ట్యాబులు తెరిచిన బ్రౌజరే.

బ్రౌజర్లో ఎఫ్5 సంగతి వేరు. అక్కడ పేజీ మళ్లీ దిగుతుంది. ఆన్‌లైన్ అప్లికేషన్ సగం నింపి ఎఫ్5 కొడితే నింపినదంతా పోవచ్చు. ఫీజు కట్టే పేజీలో అయితే అసలు ముట్టుకోవద్దు.

అపోహ: ఒక షార్ట్‌కట్ నేర్చుకుంటే అన్నిచోట్లా అదే పని చేస్తుంది.

వాస్తవం: కాపీ, కట్, పేస్ట్, అన్‌డూ, సేవ్, ప్రింట్ లాంటి కొన్నింటికే ఆ హామీ. కంట్రోల్+డి సంగతి చూడండి. ఎక్సెల్‌లో పై గడిలోది కిందికి నింపుతుంది. వర్డ్‌లో ఫాంట్ బాక్సు తెరుస్తుంది. బ్రౌజర్లో పేజీని బుక్‌మార్క్ చేస్తుంది. ఫోల్డర్లో ఫైలు సెలెక్ట్ అయి ఉండగా నొక్కితే ఆ ఫైలును డిలీట్ చేస్తుంది! ఎక్సెల్ అలవాటుతో ఫోల్డర్ విండోలో ఉండగా నొక్కితే ఫైలు రీసైకిల్ బిన్‌కు పోతుంది. వెంటనే కంట్రోల్+జెడ్ నొక్కితే తిరిగొస్తుంది. షిఫ్ట్+డిలీట్ కొట్టినవీ, పెన్ డ్రైవు నుంచి తీసేసినవీ మాత్రం రీసైకిల్ బిన్‌కు కూడా వెళ్లవు.

అపోహ: ఎక్సెల్‌లో ఫార్ములా కిందిదాకా నింపాలంటే మౌస్‌తో పట్టుకుని లాగాల్సిందే.

వాస్తవం: మూడు వేల పేర్లున్న ఫీజు రిజిస్టరు అనుకోండి. మొదటి వరుసలో హెడింగులు, రెండో వరుస నుంచి 3001 దాకా పేర్లు. సి నిలువు వరుసలో కట్టిన మొత్తం ఉంది, డి2లో బాకీ లెక్కగట్టే ఫార్ములా రాశారు. లాగుతూ పోతే పేజీ ఒక్కసారిగా కిందికి జారి అదుపు తప్పుతుంది. ఇలా చేయండి. డి2 నుంచి ఎడమ బాణం నొక్కి సి2కు రండి. కంట్రోల్+కింది బాణంతో సి3001కి చేరతారు. కుడి బాణం నొక్కితే డి3001. కంట్రోల్+షిఫ్ట్+పై బాణం నొక్కితే అక్కడి నుంచి డి2 వరకూ సెలెక్ట్ అవుతుంది. కంట్రోల్+డి. అయిపోయింది. చేతికి పడ్డాక రెండు మూడు సెకన్ల పని.

తప్పు జరిగేది రెండుచోట్ల. సి నిలువు వరుసలో నడుమ ఎక్కడైనా గడి ఖాళీగా ఉంటే కంట్రోల్+కింది బాణం ఆ ఖాళీకి పైనే ఆగిపోతుంది, మిగతావాళ్లకు ఫార్ములా పడదు. అందుకే ఆగిన వరుస నంబరు చూసుకోవాలి. 3001కి బదులు 1847 కనబడితే అక్కడ ఖాళీ ఉందన్నమాట. రెండోది ఇంకా బరువైనది. డి2లో ఉండి ఎడమకు వెళ్లకుండా కంట్రోల్+షిఫ్ట్+కింది బాణం నొక్కితే కింద అంతా ఖాళీ కాబట్టి షీటు అట్టడుగుకు, అంటే 10,48,576వ వరుసకు పోతుంది. ఆ మీద కంట్రోల్+డి కొడితే పది లక్షల పైచిలుకు గడుల్లో ఫార్ములా పడుతుంది, ఫైలు బరువెక్కి తెరవడమే కష్టమవుతుంది. అలా జరిగితే ఇంకేమీ ముట్టుకోకుండా కంట్రోల్+జెడ్.

ఫార్ములాలో గడి పేరు కదలకుండా ఉంచే డాలర్ గుర్తుల్ని చేత్తో టైప్ చేయనక్కర్లేదు. గడి పేరు మీద కర్సర్ ఉండగా ఎఫ్4 నొక్కుతూ పోతే అడ్డం, నిలువు రెండూ కట్టేయడం, వరుస మాత్రం, నిలువు మాత్రం, ఏదీ లేకపోవడం అని నాలుగు రకాలూ వరుసగా తిరుగుతాయి. ల్యాప్‌టాప్‌లో ఎఫ్4 నొక్కితే సౌండో వెలుతురో మారుతోందంటే ఎఫ్ఎన్ కీ కలిపి నొక్కాలి. చాలా మోడళ్లలో ఎఫ్ఎన్+ఎస్కేప్ ఒకసారి నొక్కితే ఆ ఇబ్బంది ఉండదు.

ఫిల్టర్ పెట్టకుండా చేత్తో దాచిన వరుసలు కాపీలో కలిసి వచ్చేస్తాయి. కనబడేవి మాత్రమే కావాలంటే సెలెక్ట్ చేశాక ఆల్ట్+సెమికోలన్ నొక్కి, ఆ తర్వాత కాపీ చేయాలి. ఫార్ములా వద్దు, విలువలే పేస్ట్ కావాలంటే కంట్రోల్+ఆల్ట్+వి, ఆపైన వి, ఎంటర్.

అపోహ: రెండోది కాపీ చేస్తే మొదటిది పోతుంది.

వాస్తవం: 2018 అక్టోబరు అప్‌డేట్ నుంచి విండోస్‌లో క్లిప్‌బోర్డ్ హిస్టరీ ఉంది. విండోస్ కీ+వి నొక్కండి, మొదటిసారి ఆన్ చేయమంటుంది. ఆ తర్వాత కాపీ చేసిన 25 దాకా గుర్తుపెట్టుకుంటుంది. ఒకే చిరునామా, ఖాతా నంబరు, ఐఎఫ్ఎస్‌సీ కోడ్ పదే పదే పేస్ట్ చేసేవాళ్లకు ఇంతకంటే పెద్ద సాయం లేదు. పక్కన పిన్ చేసుకున్నవి కంప్యూటర్ ఆపినా ఉంటాయి, మిగతావి రీస్టార్ట్‌తో పోతాయి. జాగ్రత్త కూడా ఇక్కడే అవసరం. మీరు కాపీ చేసిన పాస్‌వర్డు కూడా ఆ జాబితాలో కూర్చుంటుంది. పదిమంది వాడే సిస్టమ్ అయితే లేవబోయే ముందు అందులో క్లియర్ ఆల్ నొక్కండి.

అపోహ: తెలుగు టైపింగ్‌లో షార్ట్‌కట్లు పనిచేయవు, ఇంగ్లీషుకు మార్చుకున్నాకే వాడాలి.

వాస్తవం: తెలుగు టైపింగ్‌కు విండోస్‌లో ఉండే ఇన్‌స్క్రిప్ట్ అనే కీబోర్డు అమరికలో సి కీ మీద 'మ' ఉన్నా, కంట్రోల్‌తో కలిపి నొక్కితే కాపీయే అవుతుంది. కంట్రోల్ తోడైనప్పుడు విండోస్ చూసేది తెలుగు అక్షరాన్ని కాదు, కీని. భాష మార్చడానికి విండోస్ కీ+స్పేస్, లేదా ఎడమ ఆల్ట్+షిఫ్ట్.

తెలుగులో అసలు సమయం పోయేది దిద్దుబాట్ల దగ్గర. ఇన్‌స్క్రిప్ట్‌లో 'స్త్రీ' రాయడానికి ఆరు కీలు: ఎం, డి, ఎల్, డి, జె, ఆర్. అంటే స, పొల్లు, త, పొల్లు, ర, గుడిదీర్ఘం. పొరపాటున ఆర్‌కు బదులు ఎఫ్ పడి 'స్త్రి' వచ్చిందనుకోండి. చాలామంది అక్షరమంతా చెరిపి మళ్లీ ఆరు కీలూ కొడతారు. అక్కర్లేదు. వర్డ్‌లో, నోట్‌ప్యాడ్‌లో బ్యాక్‌స్పేస్ కొట్టిన ఒక్కో దెబ్బకు ఒక్కో గుర్తే పోతుంది. ఒకసారి కొడితే గుడి ఊడిపోయి 'స్త్ర' మిగులుతుంది, ఆర్ నొక్కితే 'స్త్రీ' సిద్ధం. కర్సర్ అక్షరానికి ముందు పెట్టి డిలీట్ నొక్కితే మాత్రం ఒత్తులతో సహా మొత్తం అక్షరం పోతుంది. బ్యాక్‌స్పేస్ గుణింతం దిద్దడానికి, డిలీట్ అక్షరం తీసేయడానికి. ఈ తేడా వేళ్లకు తెలిస్తే ప్రూఫులు దిద్దే పని చాలా తేలికవుతుంది.

ఇంకో మాట. ప్రింటింగ్ ప్రెస్సుల్లో వాడే పాత అను ఫాంట్ల మ్యాటర్‌ను వాట్సాప్‌లో పేస్ట్ చేస్తే అర్థంలేని గుర్తులు వస్తాయి. కాపీ చేయడంలో లోపం లేదు. ఆ ఫాంట్లు ఇంగ్లీషు అక్షరాలకు కేటాయించిన స్థానాల్లో తెలుగు బొమ్మలు గీస్తాయి. ఫాంట్ మారగానే కింద ఉన్న అసలు గుర్తులు బయటపడతాయి. ఏ షార్ట్‌కట్టూ దాన్ని సరిచేయదు, ఆ మ్యాటర్‌ను అన్నిచోట్లా కనబడే యూనికోడ్ తెలుగులోకి మార్చే కన్వర్టర్ ఉండాల్సిందే.

అపోహ: కీబోర్డు పాడైంది, కొత్తది కొనాలి.

వాస్తవం: కొనేముందు వీటిని చూడండి. ఇంగ్లీషు కొడుతుంటే ఉన్నట్టుండి తెలుగు పడుతోందంటే ఎడమ ఆల్ట్, షిఫ్ట్ ఒకేసారి తగిలాయి. విండోస్ కీ+స్పేస్‌తో వెనక్కి రావచ్చు. మాటిమాటికీ తగులుతుంటే సెట్టింగ్స్‌లో టైమ్ అండ్ లాంగ్వేజ్ (విండోస్ 10లో అయితే డివైసెస్), టైపింగ్, అడ్వాన్స్‌డ్ కీబోర్డ్ సెట్టింగ్స్, ఇన్‌పుట్ లాంగ్వేజ్ హాట్ కీస్‌లో ఆ జంటను తీసేయండి. అదే అడ్వాన్స్‌డ్ పేజీలో ఒక్కో విండోకు ఒక్కో భాష ఉంచుకునే వీలు కూడా ఉంది. వర్డ్‌లో తెలుగు ఉన్నా ఎక్సెల్ ఇంగ్లీషులోనే ఉంటుంది. వర్డ్‌లో తెలుగు పేరా మీద క్లిక్ చేసినప్పుడల్లా కీబోర్డు మారిపోతుంటే అది వర్డ్ పని. ఆప్షన్స్‌లో అడ్వాన్స్‌డ్ కింద, చుట్టూ ఉన్న భాషను బట్టి కీబోర్డు మార్చే గడిలో టిక్ తీసేయాలి.

కీలు నొక్కినా అక్షరం పడటం లేదు, గట్టిగా నొక్కి పట్టుకుంటేనే పడుతోంది అంటే ఫిల్టర్ కీస్ ఆన్ అయ్యాయి. కుడి షిఫ్ట్‌ను 8 సెకన్లు నొక్కి ఉంచితే అది అడుగుతుంది. ఏదో ఆలోచిస్తూ వేలు అక్కడే ఉంచేసి, వచ్చిన బాక్సును చదవకుండా ఎంటర్ కొడితే ఆన్ అవుతుంది. మళ్లీ 8 సెకన్లు పట్టుకుంటే పోతుంది. షిఫ్ట్ ఐదుసార్లు టకటకా కొడితే వచ్చేది స్టిక్కీ కీస్, అది వేరు.

ఎక్సెల్‌లో బాణం కీ నొక్కితే గడి మారకుండా షీటే జరుగుతోందా? స్క్రోల్ లాక్. ల్యాప్‌టాప్ మీద ఆ కీ లేకపోతే విండోస్+కంట్రోల్+ఓ నొక్కితే తెర మీద కీబోర్డు వస్తుంది, అందులో క్లిక్ చేసి ఆపండి. బాణం నొక్కిన కొద్దీ గడులు సెలెక్ట్ అవుతూ పోతుంటే ఎఫ్8 తగిలింది, ఎస్కేప్ కొట్టండి.

అపోహ: ఇప్పుడు ఆటోసేవ్ ఉంది, కంట్రోల్+ఎస్‌తో పనిలేదు. తప్పు జరిగితే కంట్రోల్+జెడ్ ఉండనే ఉంది.

వాస్తవం: వర్డ్, ఎక్సెల్‌లో ఆటోసేవ్ పనిచేసేది ఫైలు మైక్రోసాఫ్ట్ ఆన్‌లైన్ నిల్వలైన వన్‌డ్రైవ్‌లోనో షేర్‌పాయింట్‌లోనో ఉన్నప్పుడే. డి డ్రైవులో, పెన్ డ్రైవులో ఉన్నవాటికి మధ్యమధ్యలో దానంతటదే ఒక కాపీ దాచిపెట్టే ఆటో రికవర్ ఒక్కటే దిక్కు. దాని మామూలు గడువు 10 నిమిషాలు. కరెంటు పోతే తొమ్మిదిన్నర నిమిషాల టైపింగ్ గల్లంతు కావచ్చు. కాబట్టి పేరా ముగిసినప్పుడల్లా కంట్రోల్+ఎస్. ఆటోసేవ్ ఉన్న ఫైళ్లలో తిప్పలు తలకిందులుగా ఉంటాయి. పోయిన నెల బిల్లు తెరిచి, మార్చి, తర్వాత వేరే పేరుతో సేవ్ చేద్దామనుకుంటే అప్పటికే పాత బిల్లు మారిపోయి ఉంటుంది. తెరవగానే ముందు ఎఫ్12 నొక్కి కొత్త పేరు ఇవ్వండి, ఆ తర్వాతే అంకెలు ముట్టుకోండి.

ఎక్సెల్ అన్‌డూ 100 మెట్లు వెనక్కి వెళ్తుంది కానీ దానికీ హద్దులున్నాయి. మ్యాక్రో (వరుస పనుల్ని ఒక్క దెబ్బకు చేసిపెట్టే చిన్న ప్రోగ్రాం) నడిపితే అప్పటిదాకా ఉన్న అన్‌డూ జాబితా సాధారణంగా ఖాళీ అయిపోతుంది. రెండు ఫైళ్లు తెరిచి ఉంటే అన్‌డూ వరుస రెంటికీ ఉమ్మడిది. ఈ ఫైల్లో కంట్రోల్+జెడ్ కొడితే ఆ ఫైల్లో చివరగా చేసిన మార్పు వెనక్కి పోవచ్చు. షీటు మొత్తం డిలీట్ చేస్తే కంట్రోల్+జెడ్‌తో రాదు. అప్పటికింకా సేవ్ కాకపోతే, ఆటోసేవ్ లేకపోతే, సేవ్ చేయకుండా ఫైలు మూసి మళ్లీ తెరవడమే దారి. చివరి సేవ్ తర్వాత చేసిన పని పోతుంది, షీటు దక్కుతుంది.