కోణం ఎక్కడి నుంచి కొలిచావు?

హనుమకొండ

మనవరాలికీ, చిన్నోడికీ తాత ఆశీస్సులు.

మొన్న రాత్రి ఫోన్‌లో పెద్దది అడిగిన ప్రశ్నకు నేను సరిగ్గా జవాబు చెప్పలేదు. "తాతా, లెక్కల సార్ థీటా అన్న కోణాన్నే ఫిజిక్స్ మేడం ఫై అంటున్నారు. ఎవరిది కరెక్ట్?" అంది. ఇద్దరిదీ కరెక్టే అనేసి ఫోన్ పెట్టేశాను. అది జవాబు కాదు, తప్పించుకోవడం. పడుకున్నాక నిద్ర పట్టలేదు. నలభై ఏళ్లు కాలువల సర్వేలో కోణాలు కొలిచి బతికినవాణ్ణి కదా. అందుకే ఈ ఉత్తరం రాస్తున్నాను. చిన్నోడా, నీకు పదో తరగతిలో సైన్, కాస్ వచ్చేశాయి కాబట్టి నువ్వూ చదువు.

సంక్రాంతికి మన డాబా మీద ఎగరేసిన ఎర్ర పతంగి గుర్తుందా? కింద వాకిట్లో ఉన్న నానమ్మ "ఎక్కడరా, నాకు కనిపిస్తలేదు" అని అరిచింది. చిన్నోడు ఏం చెప్పాడు? "పద్మాక్షి గుట్ట దిక్కు తిరుగు నానమ్మా, తల ఇంకా పైకెత్తు, చానా దూరం పోయింది" అన్నాడు. ఏ దిక్కుకు తిరగాలి, తల ఎంత ఎత్తాలి, ఎంత దూరం. ఈ మూడూ చెప్తే ఆకాశంలో ఏ వస్తువైనా దొరుకుతుంది. పుస్తకంలో వీటినే గోళీయ నిరూపకాలు అంటారు. వాడికి ఆ పేరు తెలియదు, పని మాత్రం తెలుసు.

ఇంకో రకంగానూ చెప్పొచ్చు. మాంజా చుట్టే చరఖా పట్టుకున్న చోటి నుంచి తూర్పుకు ఇన్ని మీటర్లు, ఉత్తరానికి ఇన్ని, పైకి ఇన్ని. ఇవి ఎక్స్, వై, జెడ్. పతంగి ఒక్కటే, అడ్రసులు రెండు. ఒక అడ్రసు నుంచి రెండో దానికి వెళ్లడమే మీ చాప్టర్ అంతా.

లెక్క చేద్దాం. 100 మీటర్ల మాంజా వదిలాం అనుకోండి. నిజానికి దారం మధ్యలో కొంచెం వంగుతుంది, దాన్ని వదిలేద్దాం. పతంగి నేల నుంచి 60 డిగ్రీల ఎత్తున, సరిగ్గా ఈశాన్యంలో ఉంది. ఇందులో రెండు త్రిభుజాలు ఉన్నాయి. ఒకటి నిలబడ్డది, ఒకటి పడుకున్నది. నిలబడ్డ త్రిభుజంలో మాంజా కర్ణం. నడినెత్తి నుంచి పతంగి దాకా కోణం 30 డిగ్రీలు, దాన్ని థీటా అందాం. ఎత్తు 100 × కాస్ 30, అంటే 86.6 మీటర్లు. పతంగికి సరిగ్గా కింద నేల మీద ఒక రాయి పెడితే, ఆ రాయి మన నుంచి 100 × సైన్ 30, అంటే 50 మీటర్ల దూరంలో ఉంటుంది. ఇప్పుడు పతంగిని మర్చిపోయి రాయిని మాత్రమే చూడండి. అది పడుకున్న త్రిభుజం. తూర్పు నుంచి ఉత్తరం వైపు 45 డిగ్రీలు, ఇది ఫై. తూర్పుకు 50 × కాస్ 45 = 35.4, ఉత్తరానికి 50 × సైన్ 45 = 35.4. మూడు అంకెలూ వచ్చేశాయి. 'ఆర్ సైన్ థీటా కాస్ ఫై' అని బట్టీ పట్టేది ఇదే. ఆర్ అంటే మాంజా పొడవు. 'ఆర్ సైన్ థీటా' అంటే రాయి దూరం, అంతే.

ఇక అసలు గొడవ. నేను 30 డిగ్రీలు అన్నది నడినెత్తి నుంచి. చిన్నోడు తల ఎత్తమన్నది నేల నుంచి, అది 60. పతంగి కదల్లేదు, అంకె మాత్రం మారింది. ఒక పుస్తకం నిలువు గీత నుంచి కొలిచిన కోణాన్ని థీటా అంటుంది, ఇంకోటి ఫై అంటుంది. అక్షరాలు మార్చుకున్నారు తప్ప కోణాలు అవే. భూగోళం పుస్తకమైతే ఏకంగా నేల పద్ధతి పట్టుకుంది: అక్షాంశాన్ని భూమధ్యరేఖ నుంచి కొలుస్తారు, ధ్రువం నుంచి కాదు. కాబట్టి ఏ లెక్క ముందేసుకున్నా ఫార్ములా జోలికి పోకముందు మార్జిన్‌లో పెన్సిల్‌తో రాసుకోండి: ఈ కోణం ఎక్కడి నుంచి మొదలు, ఎటువైపు తిరుగుతుంది?

ఇది నాకు ఎవరూ చెప్పలేదు, దెబ్బ తిని నేర్చుకున్నాను. కోణాలు కొలిచే మా పాత మిషన్ థియోడొలైట్‌లో నిలువు కోణం సున్నా అంటే అడ్డంగా చూస్తున్నట్టు. తర్వాత టోటల్ స్టేషన్ వచ్చింది. దూరంగా చైన్‌మన్, అంటే సర్వేలో మా సహాయకుడు, ప్రిజం పట్టుకుని నిలబడితే ఈ మిషన్ దూరం, నిలువు కోణం, అడ్డ కోణం మూడూ చూపిస్తుంది. అంటే మీ గోళీయ నిరూపకాలే. దాంట్లో సున్నా నడినెత్తిన ఉంది. ఆ సంగతి నేను పట్టించుకోలేదు. మొదటి రోజు ఒక చిన్న గుట్ట మీదికి గురిపెట్టాను. దూరం 200 మీటర్లు, కోణం 84. అలవాటు కొద్దీ 200 × సైన్ 84 అని వేసి, ఎత్తు 198.9 మీటర్లు అని ఫీల్డ్ బుక్కులో దర్జాగా రాశాను. చైన్‌మన్ గుట్ట దిగొచ్చి బుక్కులోకి తొంగి చూసి, "సార్, నేను గంత ఎత్తెక్కి అయిదు నిమిషాలల్ల దిగొచ్చిన్నా?" అన్నాడు. వేయాల్సింది కాస్ 84. అసలు ఎత్తు 20.9 మీటర్లు. 198.9 అన్నది అడ్డ దూరం. ఏడో తరగతితో చదువు ఆపేసిన మనిషి అతను. లెక్క చేయకుండానే తప్పు పట్టుకున్నాడు.

అడ్డ కోణంలోనూ ఇదే తంటా. సర్వేవాళ్లు ఉత్తరం నుంచి మొదలుపెట్టి గడియారం ముల్లు తిరిగినట్టు కొలుస్తారు. లెక్కల పుస్తకం తూర్పు నుంచి మొదలుపెట్టి ఎదురు తిరుగుతుంది. నా 120 డిగ్రీలు మీ పుస్తకంలో 90 − 120, అంటే −30, అంటే 330. రెండూ ఆగ్నేయం వైపే చూపిస్తాయి.

థియోడొలైట్ అన్నాను కాబట్టి ఒక మాట. 1802లో విలియం లాంబ్టన్ మద్రాసులో మొదలుపెట్టిన సర్వేలో కోణాలు కొలుచుకుంటూనే దేశమంతా కొలిచారు. జార్జ్ ఎవరెస్ట్ దొర ఆ పనిలో చేరిన కొత్తలో కృష్ణా గోదావరుల మధ్య మన వైపు అడవుల్లోనే కొలతలు తీశాడు. జ్వరంతో మంచం పట్టి, కోలుకోవడానికి 1820లో ఆఫ్రికా కొసన ఉన్న కేప్ ఆఫ్ గుడ్ హోప్ దాకా వెళ్లాల్సి వచ్చింది. ఆయన పేరు పెట్టిన శిఖరం సంగతి అందరికీ తెలుసు, ఆయనకు జ్వరం తగిలించిన దోమల సంగతి ఎవరికీ పట్టదు.

సరే, ఇప్పుడు పతంగి బదులు మన ఊరు. హనుమకొండ దాదాపు 18 డిగ్రీల ఉత్తర అక్షాంశం, 79.6 డిగ్రీల తూర్పు రేఖాంశం మీద ఉంది. మూలబిందువు భూమి నడిబొడ్డున పెట్టండి. ఆర్ అంటే ఇక్కడ భూమి వ్యాసార్ధం, 6371 కిలోమీటర్లు. థీటా 18 కాదు, 90 − 18 = 72. ఎక్స్ గీత గ్రీనిచ్ రేఖ భూమధ్యరేఖను దాటే చోటికి, ఆఫ్రికా పక్క సముద్రంలోకి వెళ్తుంది. జెడ్ ఉత్తర ధ్రువానికి. లెక్కేస్తే ఎక్స్ 1094, వై 5960, జెడ్ 1969 వస్తాయి. మూడూ వర్గం చేసి కూడితే 6371 వర్గం రావాలి, కొద్దిగా అటూ ఇటూ. జీపీఎస్ దీన్నే తిరగేసి చేస్తుంది: ఉపగ్రహాల నుంచి ముందు ఎక్స్, వై, జెడ్ పట్టుకుని, తర్వాత అక్షాంశ రేఖాంశాలుగా మార్చి మీ ఫోన్‌లో చూపిస్తుంది. భూమి ధ్రువాల దగ్గర కాస్త అణిగి ఉంటుంది కాబట్టి దాని లెక్క మన లెక్క కన్నా చిక్కుగా ఉంటుంది.

ఈ 18 నమ్మకపోతే డాబా ఎక్కి చూడండి. ధ్రువ నక్షత్రం మన ఊళ్లో నేల నుంచి దాదాపు 18 డిగ్రీల ఎత్తునే కనిపిస్తుంది. చేయి చాపి పిడికిలి బిగిస్తే దాని వెడల్పు దాదాపు 10 డిగ్రీలు, అంటే రెండు పిడికిళ్లకు కొంచెం తక్కువ. నడినెత్తి నుంచి అదే నక్షత్రం దాకా 72, మన ఊరి థీటా! మే రెండో వారంలో, మళ్లీ జూలై చివర, మిట్టమధ్యాహ్నం సూర్యుడు మన నెత్తి మీదికే వస్తాడు. అప్పుడు నిటారుగా నిలబెట్టిన కర్రకు నీడ ఉండదు. పన్నెండింటికే చూసి ఏమీ లేదనకండి. మన గడియారాలు 82.5 డిగ్రీల రేఖను బట్టి నడుస్తాయి, మన ఊరు దానికి దాదాపు 3 డిగ్రీలు పడమర. డిగ్రీకి 4 నిమిషాల చొప్పున 12 నిమిషాల దాకా ఆలస్యం. జూలై చివరైతే ఇంకో ఆరు నిమిషాలు ఆగండి. భూమి సూర్యుడి చుట్టూ ఏడాది పొడుగునా ఒకే వేగంతో తిరగదు, కొంచెం వాలి కూడా ఉంటుంది. ఆ తేడా అందుకే.

వెనక్కి మార్చేటప్పుడు, అంటే ఎక్స్, వై, జెడ్ ఇచ్చి కోణాలు అడిగినప్పుడు, క్యాలిక్యులేటర్‌ను పూర్తిగా నమ్మొద్దు. ఎక్స్ −1, వై −1, జెడ్ 1.414 ఇచ్చారనుకోండి. ఆర్ 2 వస్తుంది, థీటా 45. ఫై కోసం వైని ఎక్స్‌తో భాగిస్తే 1, టాన్ విలోమం నొక్కితే 45 చూపిస్తుంది. ఈశాన్యం! కానీ రెండూ మైనస్ అంటే పడమరకూ దక్షిణానికీ వెళ్లాం, అది నైరుతి, 225 డిగ్రీలు. మైనస్‌ను మైనస్‌తో భాగించగానే ఆ గుర్తులు మాయమైపోయాయి, పాపం మిషన్‌కు ఏం తెలుసు? వాస్తు చూసే మీ పెద్దనాన్న ఇల్లయితే ఈశాన్యంలో తవ్వాల్సిన నీళ్ల సంపు నైరుతిలో తవ్వినట్టే. ప్రోగ్రామింగ్‌లో దీనికోసమే ఏటాన్2 అని వేరే ఫంక్షన్ పెట్టారు. అది ఎక్స్, వైలను విడివిడిగా తీసుకుంటుంది.

పెద్దదానా, నీకు సమాకలనాల్లో, అంటే ఇంటిగ్రేషన్‌లో, ఆర్ స్క్వేర్ సైన్ థీటా వస్తుంది కదా, ఆ సైన్ థీటా కూడా రాయి దూరంలోదే. భూమధ్యరేఖ మీద ఒక డిగ్రీ తూర్పుకు నడిస్తే 111 కిలోమీటర్లు. మన ఊరి నుంచి అదే ఒక డిగ్రీకి 106 కూడా ఉండదు. ఉత్తరానికి పోయేకొద్దీ వలయం చిన్నదవుతుంది, సైన్ 72 రెట్లయింది. అందుకే చిన్న ముక్క ఘనపరిమాణానికి ఒక అంచు ఆర్‌లో మార్పు, ఇంకో అంచు ఆర్ × థీటాలో మార్పు, మూడో అంచు ఆర్ × సైన్ థీటా × ఫైలో మార్పు. మూడూ గుణించి చూసుకో.

చిన్నోడు ఇదంతా చదివి ఒకటి అడుగుతాడని నాకు తెలుసు: ధ్రువం మీద నిలబడితే రేఖాంశం ఎంత? జవాబు నీ చరఖాలోనే ఉంది. పతంగి సరిగ్గా నడినెత్తిన ఉన్నప్పుడు ఏ దిక్కున ఉందని నానమ్మకు చెప్తావు? థీటా సున్నా, రాయి నీ కాళ్ల దగ్గరే. తూర్పు అను, పడమర అను, చరఖా పట్టుకుని చుట్టూ తిరుగు, పతంగి అక్కడే ఉంటుంది.

మీ తాత