బరంపురం కుర్రాళ్ల చేతికి బూమ్ ఎలా వచ్చింది

ఒడిశాలోని బరంపురం, పర్లాకిమిడి వైపు చిన్న బడ్జెట్ సినిమా తీస్తే డబ్బులు ముందు కెమెరా అద్దెకు, తర్వాత భోజనాలకు పోతాయి. బూమ్, అంటే పొడవాటి కర్ర చివర మైకు, పట్టుకునే సౌండ్ కుర్రాడి వంతు చివర్లో వస్తుంది. ‘డబ్బింగ్‌లో చూసుకుందాం లే’ అన్న మాట నేను పనిచేసిన ప్రతి షూటింగ్‌లోనూ విన్నాను. ఇది చాలా పాత అలవాటు.

1932లో వచ్చిన తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’లో నటులు కెమెరా ముందే మాట్లాడారు, పాడారు. తర్వాత స్టూడియో దాటి బయట తీయడానికి ఆరీ 2సీ లాంటి తేలిక కెమెరాలు వచ్చాయి. అవి తిరుగుతుంటే గట్టిగా చప్పుడు. పైగా వెయ్యి అడుగుల 35 ఎంఎం ఫిల్మ్ రోలు 11 నిమిషాల్లో అయిపోతుంది, మాట తడబడిందని ఇంకో టేక్ తీయాలంటే భయం. అందుకని లొకేషన్‌లో గుర్తుకోసం మాత్రం మాటలు పట్టి, అసలు డైలాగులు మద్రాసులో చెప్పించేవారు.

మావైపు దీనివల్ల పోయింది యాస. 1936 ఏప్రిల్ 1న ఒడిశా ఏర్పడింది. పర్లాకిమిడి ఒడిశాలోకి వెళ్లింది, మహేంద్రతనయ నది అవతల పాతపట్నం మద్రాసు ప్రెసిడెన్సీలోనే ఉండిపోయింది. తొలి ఒడియా టాకీ ‘సీతా బిబాహ’ వచ్చిందీ ఆ ఏడాదే. రెండు ఒడ్లలోనూ జనం ‘ఏటి’ అనే అడుగుతారు, మావైపు మధ్యలో ఒడియా మాటలు దొర్లుతాయి. ఆ మాటను ఎక్కడో ఏసీ గదిలో వేరే గొంతు చెబితే మా ఊరిది కాకుండా పోతుంది.

2008లో వీడియో కూడా తీసే డిజిటల్ కెమెరా కెనాన్ 5డీ మార్క్ 2 వచ్చాక రోలు ఖర్చూ, కెమెరా చప్పుడూ తప్పాయి. చేతిలో ఇమిడే రికార్డర్లూ వచ్చాయి. డబ్బింగ్‌కు ఉన్న పాత కారణాలు రెండూ పోయినా, సౌండ్‌కు డబ్బు పెట్టే అలవాటు మాత్రం రాలేదు.

నిజానికి లొకేషన్‌లోనే మాట పట్టే పని షూటింగ్ ముందురోజే మొదలవుతుంది. పిండిమర ఎప్పుడు ఆడుతుంది, గుడి మైకు ఎన్నింటికి వేస్తారు, ఎదురింటివాళ్లు గంటసేపు మోటార్ ఆపుతారా, అన్నీ కనుక్కోవాలి. మే నెలలో ఫ్యాన్ ఆపమంటే అందరూ విసుక్కుంటారు. గంజిపెట్టిన చీర కింద లేపల్ మైకు, అంటే బట్టలకు తగిలించే చిన్న మైకు, పెడితే గరగర. సీన్ అయ్యాక అందర్నీ కదలకుండా నిలబెట్టి, ఆ గది నిశ్శబ్దాన్ని అరనిమిషం విడిగా పట్టుకోవాలి. ఎడిటింగ్‌లో మాటకూ మాటకూ మధ్య అతుకు కనపడకుండా చేసేది అదే.

పర్లాకిమిడిలో ఒక షార్ట్ ఫిల్మ్‌కి బూమ్ పట్టాను. నాకు రావాల్సిన డబ్బులో సగం ఇంకా రాలేదు. చింతపండు గింజలు తీస్తూ ఒక ముసలమ్మ స్క్రిప్ట్‌లో లేని మాట అంది: ‘ఏటి బాబూ, నా ఊపిరి కూడా ఇనపడతాదా?’ వినపడింది. డైరెక్టర్ ఆ మాటను అలాగే ఉంచాడు, డబ్బింగ్ చేయించలేదు.